మూడు చీటీల మీదా ఒకే పేరు

పోయిన వారం తజుకోని ఒక అంకె ముందు కూర్చోబెట్టి వదిలేశాం. అదేమంత పెద్ద అంకె కూడా కాదు. ఒకటి.

మధ్యలో వచ్చినవాళ్ళ కోసం కాస్త వెనక్కి వెళ్దాం. ఒసాకాలో మందుల కంపెనీలన్నీ ఒకే వీధిలో వరసగా ఉంటాయి. అందులో హనబుసాదో కంపెనీకి వచ్చే ఏడాది వందేళ్ళు. వందేళ్ళు నిండితే చరిత్ర పుస్తకం వేయించి అందరికీ పంచాలి, వాళ్ళు దాన్ని చదవకుండా బీరువాలో పెట్టుకోవాలి. అదో రివాజు. అలాంటి పుస్తకాలు రాసి అచ్చువేసే ప్రెస్సులో తజుకో ఉద్యోగం. ముప్ఫయ్యేళ్ళ మనిషి, పెళ్ళి చేసుకోలేదు, తల్లి షిగెతో ఉంటోంది. పుస్తకంలో ఆమె వాటాకి వచ్చినవి రెండు పేజీలు, కినురాన్ అనే మందు గురించి. మనసు కుంగి మంచం పట్టినవాళ్ళని లేపి కూర్చోబెట్టిన మందు అది. పన్నెండేళ్ళు అమ్మారు. కాలేయం చెడి పదకొండు మంది పోయారని తేలాక రెండేళ్ళ కిందట ఆపేశారు. ఎలా పుట్టిందో, ఆ పేరెలా వచ్చిందో, ఎందుకు ఆగిపోయిందో, అంతా మర్యాదగా, ఎవరికీ తగలకుండా రాయాలి.

ప్రయోగాల్లో ప్రాణం పోయిన జంతువులకి కంపెనీవాళ్ళు ఏటా గుడిలో శాంతి చేయిస్తారు. ఆ పాత జాబితాలు తిరగేస్తుంటే పదహారేళ్ళ కిందటి కాగితం దొరికింది. ఎలుకలు పద్దెనిమిది వందల నలభై. కుందేళ్ళు రెండొందల పన్నెండు. కుక్కలు ముప్ఫై ఆరు. పిల్లులు తొమ్మిది. అన్నిటికీ కింద, అదే చేతిరాతతో, జంతువు పేరు లేకుండా, "ఒకటి". ఆ కాగితానికి గుచ్చిన ఇంకో కాగితంలో, ఈ మందుని మొదటిసారి మనుషుల మీద పరీక్షించిన ఆసుపత్రి పేరుంది. తజుకో అక్క కినుయే చనిపోయింది ఆ ఆసుపత్రిలోనే. ఏడాది కూడా అదే.

కినుయే ఎలా పోయిందో ఆ ఇంట్లో పదహారేళ్ళుగా అందరూ ఒకే మాట చెబుతారు. ఆల్చిప్పల వల్ల. మనసు కుంగి ఆసుపత్రిలో ఉన్న పిల్ల నోరు చచ్చిపోయిందని, తల్లి వెనిగర్‌లో నానబెట్టిన ఆల్చిప్పలు డబ్బాలో పెట్టి పట్టుకెళ్ళింది. వారం తిరక్కుండా కామెర్లు. పచ్చివి పెట్టారు, విషమైంది అన్నాడు డాక్టరు. అంతే. ఆ రోజునుంచి షిగె చేపల కొట్టు ముందునుంచి నడవదు, చుట్టూ తిరిగి వెళ్తుంది. పొద్దున్నే ఇంట్లో కినుయే ఫోటో ముందు గంట కొట్టి, "నా చేతులారా పెట్టానే తల్లీ" అనుకోకుండా ఆమెకి రోజు మొదలవదు. ఇప్పుడామెకి అరవై ఎనిమిది. ఆల్చిప్పల వల్ల కాదమ్మా, నీ వల్ల కాదమ్మా అని ఒక్కసారి, రుజువుతో సహా ఆమె చేతిలో పెట్టాలి. తజుకోకి కావలసింది అదొక్కటే. రుజువు ఇవ్వగలిగినవాడు ఒకే ఒక్కడు, కినురాన్‌ని తయారుచేసిన కుజుమి. రిటైరై పదేళ్ళయినా, జంతువుల శాంతికి మాత్రం ఏ ఏడూ రాకుండా ఉండడట.

శాంతి ఈ ఏడాది అక్టోబరు పదిహేడున, ఇకోమా కొండ దిగువనున్న గుడిలో.

*

పొద్దుటినుంచి సన్నగా తుంపర. నల్లబట్టల్లో కంపెనీ పెద్దలు ముందు వరసలో కూర్చున్నారు. వెనక వరసల్లో పరిశోధనశాల కుర్రకారు, మోకాళ్ళ మీద కూర్చోవడం అలవాటు లేక అటూ ఇటూ కదులుతున్నారు. పూజా బల్ల మీద ఆపిల్ పళ్ళు, క్యారట్లు, చిన్న పళ్ళెంలో ఎలుకలకి వేసే బిళ్ళల మేత. ఆ మేత చూస్తే ఎవరికైనా నవ్వొస్తుంది. ఆ రోజు తజుకోకి రాలేదు.

"మీరూ వచ్చారేమిటండీ?" పక్కన కూర్చుంటూ గొంతు తగ్గించి అడిగాడు ఒదగిరి. కంపెనీలో చరిత్ర పుస్తకం పని చూసే పెద్దమనిషి ఆయనే. "ఎలుకల కోసం ఏడవడానికి మేం చాలమా?"

"పుస్తకంలో ఒక ఫోటో వేద్దామని."

"వేయండి, వేయండి. మన దయాగుణం జనానికి తెలియాలి. కినురాన్ పేజీలు మాత్రం తొందరగా తేల్చండి. పేరు సంగతి నేను చెప్పిందే రాసెయ్యండి. కంపెనీ డాబా మీద దేవుడి మందిరం ముందు మూడు చీటీలు వేశారు, పెద్దాయన కళ్ళు మూసుకుని ఒకటి తీశారు, అందులో వచ్చింది ఆ పేరు. దేవుడు పెట్టిన పేరు. ఇంకేం కావాలి?"

"మిగతా రెండు చీటీల్లో ఏముందండీ?"

"చూడకూడదు. విప్పకుండానే కాల్చేస్తారు. మా దగ్గర ఏ మందుకైనా అంతే." ఒదగిరి జేబులోంచి జపమాల తీసి గంభీరంగా మొహం పెట్టాడు.

పూజారి జాబితా చదవడం మొదలుపెట్టాడు. ఎలుకలు ఇన్ని, కుందేళ్ళు ఇన్ని. సంత లెక్కలా ఉంది గానీ, ఆయన గొంతులో తొందర లేదు. తజుకో కళ్ళు మాత్రం రెండో వరస చివర కూర్చున్న ముసలాయన మీదే ఉన్నాయి. డెబ్భై దాటిన మనిషి, వీపు వంగలేదు. అందరూ ఒక్కసారి చిటికెడు ధూపం వేసి లేస్తున్నారు. ఆయన వంతు వచ్చింది. ఒకసారి వేశాడు, దండం పెట్టాడు. లేచే బదులు ఇంకో చిటికెడు తీసి, నుదుటి దాకా ఎత్తి, విడిగా వేశాడు. ఆ రెండో చిటికెడు ఎవరికో తజుకోకి అర్థమైంది.

*

పూజయ్యాక పక్క గదిలో టీ ఇచ్చారు. బీన్స్ ముద్ద పెట్టిన మెత్తటి ఉండలు పళ్ళాల్లో తిరుగుతున్నాయి. కుజుమి ఎవరితోనూ కలవకుండా తోట వైపు వసారాలో కూర్చున్నాడు. తజుకో వెళ్ళి పక్కన కూర్చుని, ప్రెస్సు కార్డు రెండు చేతులతో అందించింది. ఆయన కళ్ళజోడు పైకెత్తి చదివాడు.

"చరిత్ర రాస్తున్నారా! రాయండి. ఏం కావాలి మీకు?"

"కినురాన్ ఎలా పుట్టిందో చెబుతారా మాస్టారూ?"

ముసలాయన మొహం వెలిగింది. ఎన్నాళ్ళైందో ఎవరైనా అడిగి. "దగ్గుకి మందు చేద్దామని మొదలుపెట్టాం అమ్మాయ్. దగ్గు తగ్గలేదు. పారేద్దామనుకున్నాం. అప్పట్లో ఎలుకలకి ఒక రక్తపోటు మందు ఎక్కువ మోతాదులో ఇచ్చేవాళ్ళం. అవి కళ్ళు మూసుకుని ముడుచుకుపోయి, ఓ మూల పడుండేవి, అచ్చం మనసు కుంగిన మనుషుల్లాగే. వాటికి ఈ పొడి పెట్టాను. మర్నాడు వెళ్ళి చూస్తే పెట్టెలోని ఎలుకలన్నీ కళ్ళు తెరుచుకుని నా వైపు చూస్తున్నాయి. ఎలుక కళ్ళు తెరిస్తే మనిషికి ఏడుపొస్తుందని ఆ రోజే తెలిసింది నాకు."

"తర్వాత మనుషులకి ఇచ్చారు."

"ఇచ్చాం."

తజుకో చేతిసంచీలోంచి జాబితా నకలు తీసి ఆయన మోకాలి మీద పెట్టింది. చివరి వరస మీద వేలు ఉంచింది. "ఇది మీ చేతిరాతే కదా? ఈ ఒకటి ఏ జంతువు మాస్టారూ?"

వెలుగంతా దిగిపోయింది ఆ మొహంలోంచి. టీ కప్పు కింద పెట్టాడు. "పిల్లి అయ్యుంటుంది. పొరపాటున విడిగా రాసుంటాను."

"పిల్లులు పైన ఉన్నాయి. తొమ్మిది."

"అయితే కోతేమో. ముసలాణ్ణి, ఏం గుర్తుంటుందమ్మా?"

"కోతి కాదు మాస్టారూ. దానికి ఇరవై రెండేళ్ళు. బట్టల మిల్లులో పనిచేసేది. పాట పాడితే పక్కింటివాళ్ళు కిటికీ తలుపులు తీసి వినేవాళ్ళు. దాని పేరు కినుయే. నేను దాని చెల్లెల్ని."

తోటలో నీళ్ళు పడే చప్పుడొక్కటే. లోపల గదిలో ఎవరో జోకేశారు, పదిమంది నవ్వారు. ముసలాయన ఆ కాగితాన్ని మడవబోయి, మడవలేక, అలాగే పట్టుకుని కూర్చున్నాడు.

"చిన్నపిల్లవి అప్పుడు నువ్వు," అన్నాడు చివరికి. మీరు పోయి నువ్వు వచ్చిన సంగతి ఇద్దరూ గమనించలేదు. "వరండాలో స్కూలు బట్టల్లో నిలబడి ఉండేదానివి."

"నేనేమైనా అడిగానా నా సంగతి? అక్క సంగతి చెప్పండి."

చెప్పాడు. దాచిందంతా ఒక్కసారి తలుపు తోసుకొచ్చినట్టు చెప్పాడు. అరవై మందికి ఇచ్చారు. మూడో వారంలో కినుయే పక్క మీదినుంచి తనే లేచింది. అద్దం అడిగి జడ వేసుకుంది. "మా చెల్లెలికి ఉత్తరం రాయాలి, కాగితం ఇస్తారా" అని నర్సుని అడిగింది. ఆ సాయంత్రం ఏం తింటావంటే, ఆల్చిప్పలు తినాలనుందంది. నాలుగు నెలలు గంజి తాగిన పిల్ల, ఫలానాది కావాలని అడిగేసరికి అందరూ పండగ చేసుకున్నారు. తల్లి మర్నాడే తెచ్చింది. ఆ ముందురోజే కుజుమి పరీక్ష కోసం రక్తం తీయించాడు. ఫలితం చేతికొచ్చేసరికి అయిదు రోజులు పట్టింది. కాలేయం అప్పటికే పాడై ఉంది. ఆల్చిప్ప నోట్లో పెట్టుకోకముందే.

"ముందురోజే!" అంది తజుకో. "ముందురోజే పాడైందని మీకు తెలుసు. మా అమ్మ పదహారేళ్ళుగా..."

"డాక్టరు ఆల్చిప్పలన్నాడు. అంటే కాదనలేదు నేను. కంపెనీకి పంపిన లెక్కలో 'స్వంత ఇష్టంతో మధ్యలో మానుకున్నారు' అని రాశాం. చచ్చినవాళ్ళ పట్టీలో మీ అక్క లేదు. ఎక్కడా లేదు. ఆ ఏడు శాంతికి జాబితా రాసే పని నాది. ఎలుకలకి కూడా దండం పెడుతున్నాం, ఆ పిల్లకి పెట్టేవాడే లేడే అనిపించింది. మనుషుల లెక్కలో రాసే ధైర్యం లేక ఇందులో రాశాను."

"సిగ్గులేదూ మీకు?" లోపలివాళ్ళకి వినిపించినా ఫర్వాలేదనుకుంది తజుకో. "మా అక్కని ఎలుకలూ కుక్కల కింద రాశారా? పైగా ఏటా వచ్చి రెండు చిటికెళ్ళు ధూపం వేస్తే సరిపోతుందా? ఇంకో పదకొండు మంది పోయారే, వాళ్ళకెన్ని చిటికెళ్ళు?"

"వేస్తున్నానమ్మా. ఇంట్లో వేస్తున్నాను. సరిపోదు. నాకు తెలుసు."

తిట్టడానికి ఇంకా చాలా ఉంది. అయితే తిట్లతో తల్లికి ఒరిగేదేముంది? తజుకో కన్నీళ్ళు తుడుచుకుని, సంచీలోంచి తెల్లకాగితం, పెన్ను తీసి ఆయన ముందు పెట్టింది. "రాయండి. ఆల్చిప్పలు కారణం కాదని, మందని. రక్తం తీసిన తేదీ వెయ్యండి. కింద మీ ముద్ర వెయ్యండి. ఇవాళే మా అమ్మ చేతిలో పెట్టాలి."

కుజుమి ఎదురు చెప్పలేదు. ఒక్కో అక్షరం కుదురుగా రాసి, మెళ్ళో తాడుకి కట్టుకున్న చిన్న సంచీలోంచి ముద్ర తీసి ఎర్రసిరాలో అద్ది వేశాడు. కాగితం ఇవ్వకుండా మాత్రం పట్టుకున్నాడు.

"దీన్ని పుస్తకంలో వేసుకో. కోర్టుకి పట్టుకెళ్ళు. నీ ఇష్టం. మీ అమ్మగారికి చూపించడానికైతే అక్కర్లేదు తల్లీ."

"ఎందుకక్కర్లేదు?"

"ఆవిడకి తెలుసు."

తజుకో నవ్వింది. నిజంగానే నవ్వొచ్చింది. ఈ ముసలాడికి మతిపోయింది, అనుకుంది.

"నలభై తొమ్మిదో రోజు కర్మ చేసిన మర్నాడు నేనే మీ ఇంటికొచ్చాను. నువ్వు స్కూల్లో ఉన్నావు. దాచుకోలేక చెప్పేశాను. మీరొక్క మాట ఎక్కడైనా అనండి, ఈ మందు ఇక్కడితో ఆగిపోతుంది అన్నాను. ఆవిడ ఒకటే అడిగింది, మిగతావాళ్ళు లేచారా అని. లేచారు, అరవైలో నలభై ఒక్కరు అన్నాను. వాళ్ళలో ఆడపిల్లలెంతమంది అంది. చెప్పాను. అయితే ఆపద్దు, నా పిల్ల ఉత్తినే పోయిందనిపించుకోను, దాని పేరు పెట్టండి ఆ మందుకి, ఆల్చిప్పల మాట నేను మోస్తాను అంది."

"అబద్ధం."

"మూడు చీటీలు రాసింది నేనే. మూడింటి మీదా అదే పేరు రాశాను. పెద్దాయన ఏది తీసినా అదే వస్తుంది. మిగతా రెండూ ఎవరూ విప్పకుండా కాల్చేశారు. దేవుడి ముందు దొంగతనం చేశాను. దేవుడేమీ అనలేదు, ఆ తర్వాత పన్నెండేళ్ళు అంతా బాగానే నడిచింది. అదే నాకు భయం."

తజుకో ఆయన చేతిలోంచి కాగితం లాక్కుంది. లేచి నిలబడింది. గుడి ఆఫీసు గదిలో ఫోనుంటుంది, వచ్చేటప్పుడు చూసింది. ఇప్పుడే అమ్మని అడుగుతుంది. ఈ ముసలాడెవరో తెలియదని అమ్మ అంటుంది. అక్కడితో తేలిపోతుంది.

"అమ్మాయ్, ఆగు," వెనకనుంచి పిలిచాడు కుజుమి. లేవడానికి ఒక చేత్తో చేతికర్ర, ఇంకో చేత్తో స్తంభం పట్టుకున్నాడు. "ఫోను చెయ్యకు. ఇంకొకటుంది. అది నా నోటిమీదుగా వింటేనే మంచిది."

ఆమె ఆగలేదు.

*

ఆఫీసులో ఎవరూ లేరు. నల్ల ఫోను మీద ఎవరో అల్లిన లేసు గుడ్డ కప్పి ఉంది. నాలుగోసారి మోగాక ఎత్తింది షిగె.

"అమ్మా, నేను."

"ఏమే, ఈ వేళప్పుడు? అన్నం తిన్నావా? వాన పడుతోంది కదా, గొడుగు పట్టుకెళ్ళావా?"

"అమ్మా, కుజుమి అనే ఆయన నీకు తెలుసా?"

అవతల ఏదో గిన్నె బల్ల మీద పెట్టిన చప్పుడు. ఎవరాయన, అంటుందని తజుకో కళ్ళు మూసుకుని ఎదురుచూసింది. అను అమ్మా, ఎవరాయన అను, అని లోపల బతిమాలుకుంది.

"ఎంతవరకు చెప్పాడు?" అంది షిగె.

తజుకో గోడకి ఆనుకుంది. "అన్నీ చెప్పాడు. ఆల్చిప్పలు కాదని, నీకు తెలుసని, పేరు నువ్వే పెట్టమన్నావని. మందే కారణమని కాగితం మీద రాసి ముద్ర కూడా వేశాడు. ఎందుకమ్మా? రోజూ పొద్దున్నే ఆ ఫోటో ముందు కూర్చుని ఎవరికోసం ఏడ్చావు మరి? నన్ను నమ్మించడానికా?"

"ఏడుపులో నాటకం లేదే. పెట్టింది నా చెయ్యే. ఆసుపత్రి కాగితం మీద చదవకుండా సంతకం పెట్టింది నా చెయ్యే కదా." ఆమె గొంతులో ఏడుపు లేదు. "అంతవరకేనా చెప్పాడు? నీ సంగతి చెప్పలేదా?"

"నా సంగతేముంది?"

"పోన్లే. నేనే చెప్పాల్సింది, నేనే చెబుతాను. మీ అక్క పోయిన మరుసటి ఏడు నీకు జ్వరమొచ్చి ఆ టర్మంతా స్కూలు మానేశావు, గుర్తుందా? అది జ్వరం కాదే తల్లీ. నువ్వూ గోడవైపు తిరిగి పడుకున్నావు. అదే గదిలో, అదే పరుపు మీద. పిలిస్తే పలకవు, అన్నం ముద్ద నోట్లో పెడితే నమలవు. నలభై రోజులు చూశాను. దాన్నెలా పోగొట్టుకున్నానో నాకు తెలుసు, నిన్నూ అలాగే పోగొట్టుకునేలా ఉన్నాను. ఇంకేం చెయ్యను? ఆయన దగ్గరికెళ్ళి, ఇంకా కొట్లోకి రాని మందుని కాళ్ళు పట్టుకుని తెచ్చుకున్నాను. ఇవ్వనన్నాడు పాపం. ఇవ్వకపోతే మీ గుమ్మంలోనే చస్తానన్నాను."

తజుకోకి ఆ రోజులు గుర్తొచ్చాయి. పొద్దున్నే బార్లీ టీతో పాటు తల్లి అరచేతిలో ఒక తెల్లబిళ్ళ ఉండేది. బలానికి, అనేది. మింగాక కిటికీ దగ్గరికి లాక్కెళ్ళి, బొటనవేలితో కింది రెప్ప లాగి, వెలుతురులో కంట్లోకి చూసేది. రోజూ. ఏడాది పాటు. రక్తం తక్కువుందేమోనని చూస్తోందనుకుంది తజుకో, ఇన్నాళ్ళూ. ఏ రోజు పచ్చగా కనిపిస్తుందోనని ఆ వేలు ఎంత వణికి ఉంటుందో ఇప్పుడు తెలిసింది. తెలిసి, ఎవరిమీద కోప్పడాలో తెలియలేదు.

వసారాలో కర్ర తాటించుకుంటూ ఎవరో వస్తున్న చప్పుడు. తలుపు అవతల ఆగిపోయింది.

"తజుకో, వింటున్నావా?" అంది షిగె. "ఆ కాగితం నీ దగ్గరుంది కదా. పుస్తకంలో రాస్తావు కదా. రాయి, నేను అడ్డు చెప్పను. అది మీ అక్కని చంపిందని రాయి. నా నోరు మూసుకోబట్టి ఇంకో పదకొండు మంది పోయారని రాయి, నా పేరుతో సహా రాయి. నిన్ను లేపి కూర్చోబెట్టింది కూడా అదేనని రాయగలవా?"

తల్లి ఫోను పెట్టెయ్యలేదు. జవాబు కోసం ఆగింది.